బాకీని ఒకసారి కట్టి దాచుకోవాలా, అడిగినప్పుడల్లా లెక్కకట్టాలా?

రుషికొండలో మా ఆఫీసుకి వచ్చే కొత్త కుర్రాళ్లందరూ ఎప్పుడో ఒకప్పుడు అడిగే ప్రశ్న ఇది. ఈసారి నేనే తేల్చుకోవాల్సి వచ్చింది. ఫిషింగ్ హార్బర్‌లో చేపలు కొనే ఒక వ్యాపారికి లెక్కల సాఫ్ట్‌వేర్ రాస్తున్నాం. ఒక్కో బోటుకి ఆయన ఎంత బాకీ అన్నదే అందులో ముఖ్యం. తూకాన్ని రేటుతో గుణించి, డీజిల్‌కీ ఐసుకీ ముందిచ్చిన అడ్వాన్సు తీసెయ్యాలి.

అడిగినప్పుడల్లా కట్టడమే అన్నిటికన్నా భద్రం. ఇండెక్స్ (కావాల్సిన వరుసలను త్వరగా వెతికే సూచిక) సరిగ్గా ఉంటే ఒక బోటు ఖాతాలో కొన్ని వేల వరుసలు కూడటం మేము వాడే పోస్ట్‌గ్రెస్ డేటాబేస్‌కి లెక్కే కాదు. బోట్లన్నీ ఒకే తెరమీద చూపించాల్సి వచ్చినప్పుడే నత్తనడక మొదలైంది.

అందుకని మొదట బాకీకి ఒక కాలమ్ పెట్టి, ఎంట్రీ సేవ్ చేసినప్పుడల్లా మా కోడే దాన్ని మార్చేలా రాశాం. వేగం బాగానే ఉంది. కానీ ఎక్సెల్ ఫైలు నుంచి పాత ఎంట్రీలు ఎక్కించే దారి ఒకటుంది, అక్కడ ఆ మార్పు రాయడం మరిచిపోయాం. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు వేట నిషేధం కదా, బోట్లు ఒడ్డునున్నప్పుడే ఆయన పాత లెక్కలు తేల్చుకుంటారు. నోటుబుక్కు పక్కన పెట్టి చూస్తే మా అంకె తప్పు. తప్పు మాదే.

మెటీరియలైజ్డ్ వ్యూ, అంటే డేటాబేస్ ముందే కట్టి దాచిన ఫలితం, సాయంత్రం రిపోర్టుకి చాలు, రిఫ్రెష్ చెయ్యమని మనం చెబితే తప్ప అది కదలదు. 2019లో పోస్ట్‌గ్రెస్ 12తో వచ్చిన జనరేటెడ్ కాలమ్ (డేటాబేసే లెక్కకట్టి నింపే కాలమ్) అదే వరుసలోని విలువలనే చూడగలదు. తూకాన్ని రేటుతో గుణించడానికి బాగుంది, బాకీకి పనికిరాదు. విలువలను మెమరీలో ఉంచి వేగంగా ఇచ్చే రెడిస్‌లో బాకీని ఐదు నిమిషాలు ఉంచుదామని ఒకడన్నాడు. డబ్బు లెక్కలో ఐదు నిమిషాల పాత అంకె ఎవరికి కావాలి?

నాకు నచ్చింది ఎక్సెల్ పద్ధతి. ఒక గడి మారితే దానిమీద ఆధారపడ్డ గడులకు మాత్రమే పాతబడ్డాయని గుర్తు పెట్టి, వాటినే మళ్లీ కడుతుంది. మేమూ అంతే: ఎంట్రీ ఏ దారిన వచ్చినా ట్రిగ్గర్ (వరుస మారగానే డేటాబేస్ తనంతట తానే నడిపే కోడ్) ఆ బోటు బాకీ పాతబడిందని జెండా ఎత్తుతుంది. ఎవరైనా బాకీ చూసినప్పుడు జెండా ఉంటేనే లెక్క కడతాం. పది ఎంట్రీలు మారినా కట్టేది ఒక్కసారే.

అయితే నా దృష్టిలో అసలు తేల్చేది వేగం కాదు. ఆ విలువ వేటిమీద ఆధారపడిందో మొత్తం మనకి తెలుసా అన్నది. అడ్వాన్సుల మీద రోజు లెక్కన బారువడ్డీ కూడా కావాలన్నారు వ్యాపారి. ఇక్కడ ఎవరూ ఏమీ మార్చకపోయినా అర్ధరాత్రి దాటితే అంకె పాతబడుతుంది, జెండా ఎత్తేవాడే లేడు. ఎక్సెల్ నేటి తేదీనిచ్చే టుడే ఫంక్షన్‌ని లెక్కకట్టిన ప్రతిసారీ మళ్లీ కట్టేది అందుకే. పోస్ట్‌గ్రెస్ అయితే జనరేటెడ్ కాలమ్‌లో నేటి తేదీని రానివ్వనే రానివ్వదు. వెబ్ తెరలు రాసే వ్యూ (Vue) అనే జావాస్క్రిప్ట్ ఫ్రేమ్‌వర్క్‌లో కంప్యూటెడ్ విలువ లోపల ఇప్పటి సమయాన్నిచ్చే డేట్ నౌ రాసి చూడండి, మొదటిసారి వచ్చిన అంకె దగ్గరే ఆగిపోతుంది.

కాబట్టి వడ్డీని దాచలేదు. అడ్వాన్సుల మొత్తం ఒకటి, ప్రతి అడ్వాన్సునీ దాని తేదీ సంఖ్యతో (ఒక స్థిరమైన రోజు నుంచి లెక్కపెట్టిన రోజులు) గుణించి కూడిన మొత్తం ఇంకొకటి దాచాం. మొదటిదాన్ని నేటి తేదీ సంఖ్యతో గుణించి రెండోది తీసేసి, రోజువారీ వడ్డీ రేటు వేస్తే ఇవాళ్టి వడ్డీ వచ్చేస్తుంది. చక్రవడ్డీ అయితే ఈ కిటుకు ఇలా పనిచెయ్యదు.

ఇంకొక్క జాగ్రత్త. ముందు ఆ బోటు వరుసను వేరెవరూ మార్చకుండా లాక్ చేసి, లెక్క కట్టడం, జెండా దించడం ఒకే ట్రాన్సాక్షన్‌లో (అన్నీ కలిసి జరిగే, లేదా ఏదీ జరగని పని) చెయ్యాలి. జెండా ముందే ఎత్తి ఉంది కదా అని ట్రిగ్గర్ ఊరుకోకూడదు, మళ్లీ ఎత్తాల్సిందే. లేకపోతే మనం కూడుతున్నప్పుడే వచ్చిన ఎంట్రీ లెక్కలోకి రాకుండా జారిపోతుంది.