పికప్ పెంచుతామంటే నమ్మి బండి ఇచ్చాను: చిన్న కారున్నవాళ్లు ఒక్కసారి చదవండి

గుంటూరు, విజయవాడ వైపు చిన్న కారుండి, "బండి లాగడం లేదు, ఏదైనా చేయించాలి" అనుకుంటున్నవాళ్ల కోసం ఇది రాస్తున్నాను. 18,500 రూపాయలు ఇచ్చి ఇంజిన్ పవర్ పెంచే పని చేయించుకున్నాను. పవర్ పెరగలేదు. దానికి మించి, నా బండిలో ఉండాల్సిన ఖరీదైన వస్తువు ఒకటి నాకు చెప్పకుండా తీసేశారు. అది పోయిందని నాకు రెండున్నర నెలల తర్వాత తెలిసింది.

మాది 2016 వ్యాగనార్. 998 సీసీ, మూడు సిలిండర్ల పెట్రోల్ ఇంజిన్, 68 హార్స్‌పవర్, 90 న్యూటన్ మీటర్ల టార్క్ (చక్రాలను తిప్పే బలం). పోయిన కార్తీకమాసంలో ఒక ఆదివారం మా ఆవిడ, ఇద్దరు పిల్లలు, మా అత్తగారితో కోటప్పకొండ వెళ్లాం. నరసరావుపేట దాకా ఇబ్బందేమీ లేదు. ఘాట్ రోడ్డు ఎక్కుతుంటే మాత్రం సెకండ్ గేర్‌లో ఇంజిన్ గట్టిగా అరుస్తోంది, బండి ముందుకు పోవడం లేదు. వెనక బస్సువాడు హారన్ మీద హారన్. ఏసీ ఆపేసి, ఫస్ట్ గేర్ వేసి ఎలాగో పైకి చేర్చాను. మధ్యలో మా అత్తగారు "మేం దిగి నడుస్తాంలే బాబూ" అన్నారు. ఆవిడ మామూలుగానే అన్నారు కానీ నాకు చాలా బాధేసింది. ఆ రాత్రే ఫోన్లో వెతకడం మొదలుపెట్టాను.

వెతికితే వీడియోలకు కొదవేముంది. విజయవాడ ఆటోనగర్ దగ్గర ఒక చోట చిన్న కార్లకు "స్టేజ్ వన్ ప్యాకేజ్" చేస్తామని చెప్పారు. ఈసీఎం రీమ్యాప్ (ఇంజిన్‌ను నడిపే కంప్యూటర్ సెట్టింగులు మార్చడం), కోన్ ఫిల్టర్ (డబ్బా లేకుండా తెరిచి ఉండే ఎయిర్ ఫిల్టర్), ఇరిడియం స్పార్క్ ప్లగ్గులు, స్టీరింగ్ కింద పెట్టే పవర్ చిప్, "ఎగ్జాస్ట్ ఫ్రీ ఫ్లో", అన్నీ కలిపి ఒకే రేటు. 68 హార్స్‌పవర్ 82 అవుతుందని వాట్సాప్‌లో ఒక కాగితం ఫొటో పంపారు. ఆ కాగితం మీద బండి నంబరు లేదు, తేదీ లేదు. అప్పుడు అది నా కంటికి ఆనలేదు.

ఒక మాట ఇక్కడే చెప్పాలి. ఆటోనగర్‌ను నేను తప్పుపట్టడం లేదు. లారీ బాడీలు కట్టే చేతులు, చితికిపోయిన బండిని నిలబెట్టే చేతులు అక్కడ ఎన్నో ఉన్నాయి. నాకు మోసం జరిగింది ఒక్క చోట. ఫిర్యాదు నడుస్తోంది కాబట్టి ఆ చోటి పేరు రాయడం లేదు.

పొద్దున పదింటికి బండి ఇచ్చాను. ముందుగా బండి ఎలా లాగుతోందో చూద్దామని మిట్టమధ్యాహ్నం ఎండలో, ఏసీ వేసి, నేనూ వాళ్ల కుర్రాళ్లు ఇద్దరూ ఎక్కి హైవే మీదికి వెళ్లొచ్చాం. తర్వాత నన్ను భోజనం చేసి రమ్మన్నారు. "టైం పడుతుందన్నా, సాయంత్రం రా" అన్నారు. ఆరున్నరకు వెళ్తే పని అయిపోయింది. ఈసారి టెస్ట్ డ్రైవ్‌కి నేనొక్కడినే. ఏసీ ఆపి ఉంది. బయట చల్లబడింది. బానెట్ కింద నుంచి కోన్ ఫిల్టర్ గాలి పీల్చే చప్పుడు గుయ్యిమని వినిపిస్తోంది. నిజంగానే బండి దూసుకుపోతున్నట్టు అనిపించింది. ఇద్దరు మనుషుల బరువు తగ్గి, ఏసీ కంప్రెసర్ భారం తగ్గితే 68 హార్స్‌పవర్ బండి ఎవరికైనా అలాగే అనిపిస్తుంది. అది నాకు అప్పుడు తట్టలేదు. ఫోన్ పే చేసి, కాజా టోల్ దాటి సంతోషంగా ఇంటికొచ్చాను. బిల్లు అడగలేదు. అది నా తప్పే.

మొదటి వారం బాగానే ఉందనుకున్నాను. తర్వాత మా ఆవిడ పట్టేసింది. పొద్దున బండి స్టార్ట్ చేస్తే ఇంటి గేటు దగ్గర ఘాటు వాసన, కళ్లు మంట. పిల్లల్ని స్కూల్‌కి ఎక్కించేటప్పుడు పెద్దవాడు ముక్కు మూసుకునేవాడు. మూడో వారంలో డాష్‌బోర్డు మీద పసుపురంగు ఇంజిన్ లైటు వెలిగింది. షాపుకి ఫోన్ చేస్తే "రీమ్యాప్ సెట్ అయ్యేటప్పుడు అలాగే వస్తుందన్నా, పట్టించుకోకు" అన్నారు. లీటరుకు 17 వచ్చే మైలేజీ 14కి దిగింది.

సంక్రాంతికి ముందు పొల్యూషన్ సర్టిఫికెట్ తేదీ అయిపోయింది. బంకు దగ్గరున్న వ్యాన్‌లో చెక్ చేయిస్తే ఫెయిల్. నా బండి లాంటి బీఎస్ 4 పెట్రోల్ కారు ఐడిలింగ్‌లో (యాక్సిలరేటర్ తొక్కకుండా ఇంజిన్ తిరుగుతూ) ఉన్నప్పుడు పొగలో కార్బన్ మోనాక్సైడ్ 0.3 శాతం దాటకూడదు. నాది 1.4 చూపించింది. ఆ కుర్రాడు నన్నోసారి, బండినోసారి చూసి, "సార్, క్యాట్‌కాన్ తీయించారా?" అని అడిగాడు. ఆ మాట వినడం నాకు అదే మొదటిసారి.

బండిని మా కొరిటెపాడులో పాతకాలం నుంచి షెడ్డు నడుపుతున్న మెకానిక్ పెద్దాయన దగ్గరకు తీసుకెళ్లాను. నేను బాబాయ్ అని పిలుస్తాను. ఆయన స్కానర్ పెడితే పి0420 అనే కోడ్ వచ్చింది. క్యాటలిటిక్ కన్వర్టర్, అంటే పొగలోని విషవాయువుల్ని విరిచే డబ్బా, సరిగా పనిచేయడం లేదని దానర్థం. పొల్యూషన్ కుర్రాడు క్యాట్‌కాన్ అన్నది దీన్నే. తర్వాత స్క్రీన్ నా వైపు తిప్పి రెండు గీతలు చూపించారు. పొగగొట్టంలో క్యాటలిటిక్ కన్వర్టర్‌కు ముందు ఒక ఆక్సిజన్ సెన్సార్, తర్వాత ఇంకొకటి ఉంటాయి. ముందుదాని గీత గబగబా పైకీ కిందికీ కొట్టుకోవడం మామూలే. కన్వర్టర్ బాగుంటే వెనకదాని గీత దాదాపు కదలకుండా నిలబడాలి. నా బండిలో రెండు గీతలూ ఒకదాన్నొకటి అచ్చు దించినట్టు కొట్టుకుంటున్నాయి. "మధ్యలో ఏమీ లేదు అబ్బాయ్, పొగ నేరుగా పోతోంది" అన్నారు బాబాయ్.

నమ్మకం కలగక, సెన్సార్ విప్పించి ఆ రంధ్రంలోంచి చిన్న కెమెరా వైరు పంపించి చూపించమన్నాను. లోపల తేనెపట్టులా సన్నటి గదులతో పింగాణీ దిమ్మ ఉండాలి. ఫోన్ స్క్రీన్ మీద కనిపించింది ఖాళీ డబ్బా, గోడలకు అంటుకున్న మసి. కింద నుంచి చూస్తే డబ్బాను కోసి మళ్లీ అతికించిన వెల్డింగ్ గీత స్పష్టంగా ఉంది. ఆ పింగాణీ గదుల మీద ప్లాటినం, పల్లాడియం, రోడియం పూత ఉంటుంది. విషవాయువుల్ని విరిచేది ఆ పూతే. ఆ లోహాల కోసమే పాత కన్వర్టర్లను కొనే వ్యాపారం ఉంది. "ఫ్రీ ఫ్లో" అంటే వాళ్లు చేసింది ఇదన్నమాట.

మర్నాడే విజయవాడ వెళ్లాను. నా పాత వస్తువులు ఇవ్వమంటే ఎయిర్ ఫిల్టర్ డబ్బా, మూడు ప్లగ్గులు తెచ్చిచ్చారు. కన్వర్టర్ దిమ్మ ఏదంటే "అది వేస్టన్నా, పొడైపోయింది, పారేశాం" అన్నారు. తీస్తున్నట్టు నాకు ఎందుకు చెప్పలేదంటే, "ఫ్రీ ఫ్లో అని మెసేజ్‌లో ఉందిగా బ్రదర్" అని జవాబు. ఆ మాట ఇప్పటికీ నన్ను నిద్రపోనివ్వడం లేదు. వాళ్లు చెప్పినట్టు అది పొడే అయ్యుంటే, కొత్త కన్వర్టర్‌కు షోరూమ్‌లో నాకు 26 వేలు ఎందుకు చెప్తారు?

చిప్ సంగతి కూడా చెప్తాను, ఎందుకంటే అవి ఇప్పుడు ఆన్‌లైన్‌లో వెయ్యి రూపాయల లోపే దొరుకుతున్నాయి. స్టీరింగ్ కింద, మెకానిక్ స్కానర్ తగిలించే ఓబీడీ సాకెట్‌లో 16 పిన్నులు ఉంటాయి. ఇంజిన్ కంప్యూటర్‌తో మాట్లాడాలంటే ముఖ్యంగా 6, 14 పిన్నుల వైర్లు వాడాలి. బాబాయ్ ఆ డబ్బాను స్క్రూడ్రైవర్‌తో విప్పారు. లోపల వేలి గోరంత బోర్డు, మూడు చిన్న లైట్లు. బ్యాటరీ కరెంటు వచ్చే 16వ పిన్ను నుంచీ ఎర్త్ పిన్ను నుంచీ మాత్రమే లైన్లు ఉన్నాయి. మిగతా పిన్నులు దేనికీ తగలకుండా ఉత్తినే నిలబడ్డాయి. లైట్లు మినుకుమినుకుమనడం తప్ప అది చేసే పనేమీ లేదు.

ఇక కోన్ ఫిల్టర్. కంపెనీ ఫిల్టర్ డబ్బాకు ఉండే గొట్టం బండి ముందు భాగం నుంచి బయటి గాలి తీసుకునేలా పెడతారు. దాన్ని పీకేసి, వేడెక్కిన ఇంజిన్ పక్కనే తెరిచిపెట్టిన కోన్ బిగిస్తే, ఇంజిన్ పీల్చేది ఆ వేడి గాలినే. గాలి 25 డిగ్రీల నుంచి 45 డిగ్రీలకు వేడెక్కితే దాదాపు 6 శాతం పలచబడుతుంది. అసలే మన రోహిణి కార్తె ఎండలు. పవర్ పెంచడానికి పెట్టిన వస్తువే పవర్ తగ్గిస్తోందన్నమాట.

అసలు నా బండి కోటప్పకొండ ఎందుకు ఎక్కలేదో కూడా బాబాయే చెప్పారు. "ఇంజిన్ అరుస్తోంది, బండి పోవడం లేదు" అని నేను చెప్పిన ఒక్క మాటతో ఆయన క్లచ్ అని పట్టేశారు. ఖాళీ రోడ్డు మీద నాలుగో గేర్‌లో 40 స్పీడులో పోతూ యాక్సిలరేటర్ పూర్తిగా తొక్కించారు. ఇంజిన్ చప్పుడు ఒక్కసారిగా పెరిగింది, స్పీడోమీటర్ ముల్లు మాత్రం నెమ్మదిగా పాకింది. క్లచ్ ప్లేటు అరిగి జారుతోంది. తర్వాత బండి ఆపి చక్రాల దగ్గర చెయ్యి పెట్టి చూడమన్నారు. వెనక ఎడమ చక్రం మాత్రం చెయ్యి పెట్టలేనంత వేడి. డ్రమ్ములో బ్రేక్ షూలు పట్టేసి ఉన్నాయి. అంటే బ్రేక్ కొంచెం నొక్కిపెట్టి నేను కొండెక్కానన్నమాట. క్లచ్ సెట్టు, లేబర్, బ్రేక్ సర్వీసు, మామూలు ఎయిర్ ఫిల్టర్ అన్నీ కలిపి 8,400 అయింది. మొన్న అదే ఐదుగురం మళ్లీ కోటప్పకొండ వెళ్లాం. ఏసీ ఆపి, సెకండ్ గేర్‌లో, ఎక్కడా ఆగకుండా ఎక్కింది.

అందుకే అడుగుతున్నాను, బండి లాగడం లేదనిపిస్తే ముందు పోయిన పవర్ ఎక్కడ పోతోందో వెతికించండి. క్లచ్, బ్రేకులు, టైర్లలో గాలి, ఎయిర్ ఫిల్టర్, ప్లగ్గులు, ఇంజిన్ కంప్రెషన్. ఇవి చూడకుండా రీమ్యాప్ గురించి మాట్లాడేవాడి దగ్గర్నుంచి వచ్చేయండి. టర్బో లేని చిన్న ఇంజిన్‌కు రీమ్యాప్ ఎంత పద్ధతిగా చేసినా వచ్చేది స్వల్పమే, ఎందుకంటే సిలిండర్ పీల్చుకునే గాలి అంతే ఉంటుంది. గాలి పెరగకుండా పెట్రోల్ పెంచితే మైలేజీ పోతుంది. ఇదే 998 సీసీతో బాలెనో ఆర్‌ఎస్ 102 హార్స్‌పవర్ ఇచ్చిందంటే అది టర్బో గాలిని బలవంతంగా లోపలికి నెట్టడం వల్ల. ఆ ఇంజిన్‌ను ఆ ఒత్తిడికి తగ్గట్టే తయారు చేశారు. మన బండికి బయట టర్బో బిగిస్తామనేవాళ్లు కూడా ఉన్నారు, వాళ్ల జోలికి అసలు వెళ్లొద్దు.

ఘాట్ మీద మనం చేసే పొరపాటు ఇంకోటి ఉంది. నా ఇంజిన్‌కు పూర్తి టార్క్ వచ్చేది 3,500 ఆర్‌పీఎం దగ్గర. మైలేజీ పోతుందని పై గేర్‌లోనే 1,500లో ఈడిస్తే ఏ చిన్న కారైనా చతికిలబడుతుంది. మలుపుకు ముందే గేర్ తగ్గించి ఇంజిన్‌ను కాస్త తిరగనివ్వాలి. పైసా ఖర్చు లేదు.

చట్టం సంగతి నాకు ఆలస్యంగా తెలిసింది. మోటారు వాహనాల చట్టం 52వ సెక్షన్ ప్రకారం తయారీదారు ఇచ్చిన వివరాలకు భిన్నంగా బండిని మార్చకూడదు. 2019 సవరణతో చేరిన 182ఎ సెక్షన్ కింద అలా మార్చిన ఓనర్‌కు ఆరు నెలల వరకు జైలు, లేదా ఒక్కో మార్పుకు 5,000 రూపాయల జరిమానా, లేదా రెండూ పడవచ్చు. అంటే షాపువాడు చేసిన పనికి దొరికిపోయేది మనం. ఇన్సూరెన్స్‌కు చెప్పకుండా మార్పులు చేయిస్తే రేపు క్లెయిమ్ దగ్గర అదొక పేచీ.

నేను 1915కు ఫోన్ చేసి జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్‌లో ఫిర్యాదు నమోదు చేయించాను. షాపువాళ్లు దారికి రాకపోతే జిల్లా వినియోగదారుల కమిషన్‌కు వెళ్తాను. మనం చెల్లించిన మొత్తం 5 లక్షల లోపైతే అక్కడ ఫీజు లేదు. మనం ఉండే జిల్లాలోనే వేయవచ్చు, రెండేళ్ల లోపు వేయాలి. నా దగ్గర బిల్లు లేదు, కానీ ఫోన్ పే రసీదు, వాట్సాప్ మెసేజ్‌లు, ఫెయిలైన పొల్యూషన్ రిపోర్టు, కెమెరాతో తీసిన వీడియో ఉన్నాయి.

మీరు ఎక్కడ ఏ పని చేయించినా బండి దగ్గర్నుంచి కదలకండి. భోజనానికి కూడా వెళ్లకండి. విప్పిన ప్రతి పాత వస్తువూ డిక్కీలో పెట్టించుకోండి. బిల్లు మీద ఏం తీశారో, ఏం పెట్టారో విడివిడిగా రాయించుకోండి.

ఈ ఏడాదిలో ఎవరైనా విజయవాడలో స్టేజ్ వన్ పేరుతో పని చేయించుకుని ఉంటే, ఇంజిన్ బాగా చల్లారాక కన్వర్టర్ డబ్బా చూడండి. కొన్ని బండ్లలో అది ఇంజిన్ దగ్గరే ఉంటుంది, కొన్నిటిలో కింద ఉంటుంది. దాని మీద కొత్త వెల్డింగ్ గీత కనిపిస్తే ఫొటో తీసి నాకు పంపండి. నా ఫిర్యాదుతో కలిపి మీదీ పెడదాం.