రవివర్మ ప్రెస్ లక్ష్మీదేవి పటం: కొన్న తరువాత నా అభిప్రాయం

1894లో బొంబాయిలో మొదలై, తరువాత లోనావలా దగ్గరి మలవ్లీకి తరలిన రవివర్మ ప్రెస్ వారి లక్ష్మీదేవి పటాన్ని హైదరాబాదులో పాత వస్తువులు అమ్మే ఒక దుకాణంలో కొన్నాను. ఒక్కో రంగుకు ఒక్కో రాతిపలక వాడి అచ్చువేసిన పటం కనుక, భూతద్దం పెట్టి చూస్తే దేవి చెంప మీది గులాబి ఛాయ ఏ వరుసకూ లొంగని చిన్నాపెద్దా చుక్కలుగా కనిపించింది. ఇటీవలి ఆఫ్‌సెట్ నకళ్లలోనైతే ఆ చుక్కలు కొలిచి పెట్టినట్టు సమాన దూరంలో ఉంటాయి. చీర ఎరుపు ఇప్పటికీ ఎంతో నిండుగా ఉంది. ఫ్రేము మాత్రం నాసిరకం. వెనుక మామూలు అట్ట పెట్టడంతో కాగితం అంచులు గోధుమరంగుకు తిరిగాయి; దుకాణదారు ఈ సంగతి ముందే చెప్పి ఉండవలసింది. ఆమ్లరహిత అట్టతో మళ్లీ కట్టించే ఖర్చు కలుపుకున్నా ధర న్యాయమైనదే. కొనదలచినవారు ఫ్రేము విప్పించి, అడుగు అంచున ప్రెస్ పేరు ఉందో లేదో చూశాకే డబ్బు చెల్లించాలి.