మనిషికి జామీనా, బండికి జామీనా?

"బెయిల్‌కైతే భయం గానీ, లారీకి సంతకమేగా" అంటూ చాలామంది, కేసులో పోలీసులు పట్టుకున్న బండిని ఓనరుకు వదిలేందుకు ఇచ్చే పూచీకత్తు మీద తేలిగ్గా సంతకం పెట్టేస్తారు. నాకైతే రెండోదే ఎక్కువ టెన్షన్.

మనిషికి జామీనుంటే ముఖ్యంగా అతను వాయిదాలకు రావాలి. నమ్మకం పోతే, 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (క్రిమినల్ కేసులు ఎలా నడవాలో చెప్పే చట్టం) 489వ సెక్షన్ కింద ఎప్పుడైనా మేజిస్ట్రేట్‌ను అడిగి తప్పుకోవచ్చు. ఆ సెక్షన్ మాటల్లో బెయిల్ మీద విడుదలైన మనిషే ఉన్నాడు, బండి లేదు.

బండి కథ వేరు. స్టేషన్లలో వాహనాలను ఏళ్ల తరబడి ఉంచొద్దని, తగిన బాండు (షరతు తప్పితే ఇంత కడతానని రాసిచ్చే హామీ), పూచీ తీసుకుని త్వరగా వదలమని 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అమ్మకూడదు, రూపం మార్చకూడదు, అడిగినప్పుడు కోర్టుకు తేవాలి: మామూలుగా ఇవీ షరతులు. కేసేమో ఏళ్లు సాగుతుంది. ఈలోగా ఓనరు చడీచప్పుడు లేకుండా బండి అమ్మేస్తే? సంతకం మీది కదా!

షరతు తప్పాక మాత్రం రెండింటికీ అదే చట్టంలోని 491వ సెక్షనే. బాండు జప్తు చేసి, అందులోని డబ్బు ఎందుకు కట్టరో చెప్పమని నోటీసిస్తారు. తర్వాత జరిమానాలాగే వసూలు. అదీ కుదరకపోతే జామీనుదారుకు 6 నెలల దాకా సివిల్ జైలు. కోర్టు కారణాలు రాసి కొంత మొత్తం తగ్గించొచ్చు.