నైమా వీఫ్‌స్ట్రాండ్: ఈ రెండు ముసలమ్మ పాత్రల్లో ఏది మేలు?

స్వీడన్ దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ సినిమాలు వరసపెట్టి చూసినవాళ్లకి కూడా నటి నైమా వీఫ్‌స్ట్రాండ్ అంటే ఎవరో చటుక్కున గుర్తురాదు. వైల్డ్ స్ట్రాబెర్రీస్‌లో ఆ తల్లి అంటే మాత్రం "ఓ, ఆవిడా" అంటారు. 1890లో పుట్టిన ఈవిడ అసలు ఆపరెటాల్లో, అంటే పాటలతో నడిచే సరదా నాటకాల్లో, పాడి పేరు తెచ్చుకున్న మనిషి. పెద్దవయసులో బెర్గ్‌మన్ సినిమాల్లో కాసేపు కనిపించి వెళ్లిపోయే పాత్రలు వేసింది. వాటిలో నా లెక్కలో పోటీ రెండిటికే: 1957 నాటి వైల్డ్ స్ట్రాబెర్రీస్, 1968 నాటి అవర్ ఆఫ్ ది వుల్ఫ్.

రెండోది చూస్తే ఎవరూ మర్చిపోలేరు. టోపీ పెట్టుకున్న ముసలావిడ హీరోయిన్ లివ్ ఉల్‌మన్ దగ్గరికొచ్చి తన వయసు 216 అని, కాదు కాదు 76 అని సర్దుకుంటుంది, మీ ఆయన డైరీ చదువు అని పుల్ల పెట్టి పోతుంది. చివర్లో కోటలో టోపీతో పాటు మొహం కూడా ఊడదీస్తుంది. ఒళ్లు జలదరిస్తుంది, నిజమే, కానీ అందులో సగం మార్కులు మేకప్‌కీ కెమెరాకీ ఇవ్వాలి.

వైల్డ్ స్ట్రాబెర్రీస్‌లో అలాంటి ట్రిక్కులేం లేవు. ఆవిడ కూర్చుని మాట్లాడుతుంది, అంతే. పదిమంది పిల్లల్లో మిగిలింది ఒక్క కొడుకు, కథానాయకుడు ఈసాకే, మనవలు ఇరవైమంది ఉన్నా వచ్చి చూసేది ఒక్కడే, ఎందుకో ఎప్పుడూ చలిగానే ఉంటుంది... ఇవన్నీ ఏడుపు లేకుండా, కిరాణా లెక్క చెప్పినట్టు చెప్పేస్తుంది. తర్వాత ముళ్లు లేని బంగారు గడియారం తీసి ఎవరికిద్దామా అని ఆలోచిస్తుంది. ఆ తెల్లవారుజామునే కొడుక్కి కలలో ముళ్లు లేని గడియారం కనిపించిందని ఆవిడకేం తెలుసు! ఆ కొడుకు వేషం వేసిన విక్టర్ షోస్ట్రోమ్ పుట్టింది 1879లో, అంటే తల్లి కంటే పదకొండేళ్లు పెద్ద. కొడుకు కంటే చిన్నవయసు తల్లులంటూ మన సినిమాల మీద జోకులేస్తాం కానీ, ఇక్కడ ఆ అనుమానమే రాదు, నేను లెక్క చూసుకున్నాకే నోరెళ్లబెట్టాను.

ఇంకోటి, ఆ సీన్ అక్కడితో అయిపోదు. పక్కనే నిలబడి చూసిన ఈసాక్ కోడలు మరియాన్ కడుపుతో ఉంది, ఈ మనసులోని చలి ఆ తల్లి నుంచి ఈసాక్‌కీ అతన్నుంచి తన మొగుడికీ దిగిందని, రేపు తన బిడ్డకీ వస్తుందేమోనని హడలిపోతుంది. అవర్ ఆఫ్ ది వుల్ఫ్ ముసలమ్మని తీసేసినా కోటలో దెయ్యాలకి కొదవ లేదు, ఈ తల్లిని తీసేస్తే మాత్రం కథకి వెన్నెముకే ఉండదు.

అందుకే నా ఓటు 1957కే. మొదటిసారి బెర్గ్‌మన్ జోలికి వెళ్తూ భయపడేవాళ్లయితే ఈ రెండూ పక్కనపెట్టి 1955 నాటి స్మైల్స్ ఆఫ్ ఎ సమ్మర్ నైట్ పెట్టుకోండి. అందులో జ్ఞాపకాలు రాయనని మాటిచ్చినందుకు ఏకంగా ఒక బంగళా కొట్టేసిన ముసలావిడ కూడా ఈవిడే.