ఉదయపు అన్నానికి గోచుజాంగ్ డబ్బా

మూడు నెలల క్రితం గోచుజాంగ్ అనే కొరియా మిరప ముద్ద డబ్బా ఒకటి కొన్నాను. 500 గ్రాములు, 420 రూపాయలు. ఏటా ఆవకాయ, గోంగూర, పండుమిరప పచ్చడి ఇంట్లోనే పట్టుకునే మనకు అంత ధర పెట్టి మిరప ముద్ద ఎందుకు నాయనా అని మా అత్తగారు అడిగారు. ఆవిడకు చెప్పిన జవాబే ఇక్కడ రాస్తున్నాను.

కారం కోసమైతే దీన్ని కొనవద్దు. గుంటూరు మిరపకాయ తిన్న నాలుకకు దీని ఘాటు చాలా తక్కువ. ఇందులో డబ్బు పెట్టవలసింది పులిసిన రుచికి. మిరప పొడి, జిగురు బియ్యం, పులియబెట్టిన సోయా పొడి, ఉప్పు కలిపి, మట్టి జాడీల్లో నెలల తరబడి ఆరుబయట మగ్గనివ్వడం కొరియావాళ్ల పాత పద్ధతి. నాలుకకు ముందు తీపి తగులుతుంది, తరువాత ఉప్పు. కారం మింగిన తరువాత మెల్లగా వస్తుంది. ఆ వరుస మన పచ్చళ్లలో దేనికీ లేదు.

నేను దీన్ని వాడేది పొద్దున పూట. కపిలతీర్థం దాకా నడిచి ఆరున్నరకు ఇంటికి వస్తాను. ఎనిమిదింటికి మా ఆవిడ బడికి బయలుదేరాలి. ఈ మధ్యలో బిబింబాప్ అయిపోతుంది. ఆ మాటకు కొరియా భాషలో కలిపిన అన్నం అని అర్థం. అక్కడ మాంసం, గుడ్డు వేస్తారు. మేము శాకాహారులం కాబట్టి పనీరు ముక్కలు దోరగా వేయించి వేస్తాను. పాలకూరను వేడినీళ్లలో ముంచి తీసి గట్టిగా పిండాలి. క్యారెట్ సన్నగా తరిగి రెండు నిమిషాలు వేయించాలి. మొలకెత్తిన పెసలు, కీరదోస పచ్చివే.

అన్నం దగ్గర మొదటి వారమంతా తప్పు చేశాను. సోనా మసూరి మెతుకులు విడివిడిగా ఉండి ముద్దను పట్టుకోలేదు. చిట్టిముత్యాలు తెచ్చి, నీళ్లు కాస్త ఎక్కువ పోసి వండాక కుదిరింది. ఇనుప మూకుడులో చెంచా నువ్వుల నూనె వేసి, అన్నం పరిచి, సన్నని సెగ మీద ఎనిమిది నిమిషాలు కదపకుండా ఉంచుతాను. అడుగున బంగారు రంగు మాడుచెక్క కడుతుంది. కొరియాలో రాతిగిన్నె చేసే పని అదే. కరకరలాడే ఆ ముక్కలు తగలకపోతే ఈ వంట సగం అయినట్టే నాకు.

ముద్దను డబ్బాలోంచి తీసి నేరుగా అన్నంలో వేయకండి, ఉండలు కడుతుంది. ఇద్దరికి చెంచాన్నర ముద్ద, చెంచా నువ్వుల నూనె, అర చెక్క నిమ్మరసం, రెండు చెంచాల నీళ్లు కలిపి పలుచన చేసుకోవాలి. అంతకు మించి వేయను, ఉప్పు కూడా వేరే వేయను. మా ఆవిడకు రక్తపోటు ఉంది, ఇందులో ఉప్పు బాగా ఎక్కువ. పైన వేయించిన నువ్వులు, వేరుశనగ పప్పు చల్లుతాను.

నాకు కోపం తెప్పించినది ఒకటుంది. దిగుమతి చేసినవాళ్లు ధర చీటీని సరిగ్గా దినుసుల పట్టిక మీద అంటించారు. శాకాహారమని చెప్పే ఆకుపచ్చ గుర్తు ఉంది, నిజమే. కానీ గోరుతో చీటీ గీకి చూస్తే గోధుమ పిండి, వెల్లుల్లి, ఉల్లిపాయ పొడి బయటపడ్డాయి. మా అత్తగారు శనివారం ఉల్లి, వెల్లుల్లి ముట్టరు. ఆ గుర్తును నమ్మి రెండు శనివారాలు ఆవిడకు ఇదే వడ్డించాను. ఆవిడ ఏమీ అనలేదు, నాకు మాత్రం చాలా కష్టంగా అనిపించింది. తిరుపతిలో అమ్మే డబ్బా మీద ఈ రెండు పేర్లు కనబడకుండా అంటించడం క్షమించరానిది. కొరియాలోనే బౌద్ధ ఆలయాల వంటలో ఉల్లి, వెల్లుల్లి వాడరు. ఇప్పుడు శనివారాలు ఎండుమిరప పొడి, బెల్లం, చింతపండు గుజ్జు, నువ్వుల నూనె కలిపి వేస్తున్నాను. ఆ పులిసిన రుచి దానికి రాదు, అయినా గిన్నె ఖాళీ అవుతోంది.

పక్కనే కిమ్చీ అనే కొరియా కూరగాయల పచ్చడి సీసా కనబడితే అది కూడా చదివి కొనండి. మామూలు కిమ్చీలో చేపల ద్రవమో, ఊరవేసిన రొయ్యలో ఉంటాయి. నేను ముల్లంగి తురుముకు నిమ్మరసం పట్టించి సరిపెడుతున్నాను.

డబ్బా సగానికి వచ్చింది. ఫ్రిజ్‌లో పెట్టి, పొడి చెంచానే వాడుతున్నాను. రంగు కొంత ముదిరింది, రుచి మాత్రం మారలేదు. ఇది అయిపోగానే మళ్లీ కొంటాను, ఈసారి దుకాణంలోనే చీటీ తీయించి చూసి.