కోరంగి మడ అడవి, ఒక పీతల పులుసు

కాకినాడలో దిగిన లాడ్జి పేరు రాయను గానీ, ఆ రాత్రి తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. ఏసీ గదని 1,800 తీసుకున్నారు. పదకొండింటికి ఏసీ ఆగిపోయింది. మూడో మనిషికి పరుపని 300 కట్టించుకుని చాప ఇచ్చారు. అడిగితే కౌంటర్లో కుర్రాడు ఫోన్లోంచి తలెత్తలేదు. మా బావగారు తెల్లవార్లూ కుర్చీలోనే కూర్చుని, పొద్దున్నే వెనక్కి పోదాం అన్నారు. నచ్చజెప్పేసరికి తల ప్రాణం తోకకొచ్చింది.

ఆటోకి 400 ఇచ్చి కోరంగి చేరాం. మడ అడవంటే ఉప్పునీటి బురదలో పెరిగే చెట్ల అడవి. చెక్కబాట కింద నల్లటి బురద, దాన్లోంచి వేలెడేసి పైకి పొడుచుకొచ్చిన మడ వేళ్ళు. బోటబ్బాయి ఒక ఆకు తుంచి వెనక్కి తిప్పాడు. సన్నటి ఉప్పు పొడి. "నాకి చూడండి బాబాయ్ గారూ" అన్నాడు. బావగారు నాకి, ఆ రోజు మొదటిసారి నవ్వారు. తిల్ల చెట్టు మాత్రం ముట్టుకోనివ్వలేదు, పాలు కంట్లో పడితే ప్రమాదమట.

మధ్యాహ్నం ఆ అబ్బాయి వాళ్ళింట్లోనే భోజనం, మనిషికి 150. మడపీతల పులుసు! చింతపులుసు చిక్కగా, కారం ఘాటుగా, డెక్క కొరికితే తియ్యటి కండ. మా ఆవిడ మూడుసార్లు వడ్డించుకుంది.

వడ్డిస్తూ వాళ్ళమ్మ చెప్పింది: "మా అత్తగారి కాలంలో పొయ్యిలోకీ, దడికీ అన్నీ మడకర్రేనండి. నేనూ మోపులు మోశాను. 1978లో అభయారణ్యం చేశాక కూడా చాటుగా కొట్టేవాళ్ళం. 96 నవంబరు తుపానొచ్చి చుట్టుపక్కల ఊళ్ళు కొట్టుకుపోయాక, మడ అడ్డు లేకపోతే మనకీ అంతేనని మావాళ్ళకి భయం పట్టుకుంది. ఇప్పుడు గ్యాసుంది, ఎవరన్నా గొడ్డలి తెస్తే మేమే తగులుకుంటాం. పీతా, రొయ్య పిల్లా పెరిగేది ఆ వేళ్ళ సందుల్లోనే కదండి."

చెట్లు చచ్చిన చోట చేపముల్లులా ఒక పెద్ద కాలవ, దానికి అటూ ఇటూ పిల్లకాలవలు తవ్వి, పోటు నీరు లోపలికి పారేలా చేసి, గట్ల మీద మొక్కలు నాటారు. ఆవిడ భర్త కూలికెళ్ళి తవ్వినవాటిలో ఒకటి బోటు మీంచి చూశాం. రెండు గట్లూ పచ్చగా మూసుకున్నాయి. ఊరివైపు మళ్ళితే వరసగా రొయ్యల చెరువులు. అటు చూపించి ఆ అబ్బాయి "అదీ మడేనండి ఒకప్పుడు" అని ఇంకేం మాట్లాడలేదు.

బోటుకి 1,000 అయింది. బావురుపిల్లి (చేపలు పట్టే అడవి పిల్లి) కోసం వెళ్ళకండి, అది రాత్రిళ్ళు తిరిగే జంతువు. పోటు ఎప్పుడో ముందే కనుక్కోండి, నీరు దిగితే బోటు బురదలో ఆగుతుంది. భోజనం కూడా ముందురోజే చెప్పాలి, పీతలు దొరికితేనే పులుసు.