ఇంగ్రిడ్ బెర్గ్‌మన్ బ్లూరే: డిస్క్ గురించి, ఆవిడ గురించి, కొంచెం మా అమ్మ గురించి

ముందే చెప్పేస్తున్నా, ఇండియాలో కొన్న బ్లూరే ప్లేయర్ ఉన్నవాళ్ళు ఈ డిస్క్ తెప్పించుకునే ముందు వెనకాల అట్ట మీద రీజియన్ ఏంటో చూసుకోండి. అమెరికాలో రిలీజయ్యే డిస్కులు రీజియన్ ఏ, మనది రీజియన్ సీ. ఈ ముక్క తెలీక నేను మా అక్క కొడుకు చేత న్యూజెర్సీ నుంచి మోయించా, వాడు పాపం చాక్లెట్ల మధ్యలో పెట్టి గీత పడకుండా తెచ్చి "మావయ్యా, నీ స్వీడన్ హీరోయిన్ వచ్చేసింది" అని చేతిలో పెట్టాడు, తీరా ప్లేయర్లో పెడితే అది కాసేపు గిర్రున తిప్పి తిప్పి ఈ డిస్క్ ఇక్కడ ఆడదు అని బయటికి తోసేసింది. రెండున్నర వేల పైనే పడింది, తిరిగి పంపే దారి లేదు. చివరికి అన్ని రీజియన్లూ ఆడే ప్లేయర్ ఉన్న ఫ్రెండ్ ఒకడు గుర్తొచ్చి, బండి మీద వెళ్ళి అడిగి తెచ్చుకున్నా. వాడు వారంలో ఇచ్చెయ్యమన్నాడు. అది మూడు వారాల కిందటి మాట.

ఇంతకీ డిస్కులో ఉన్నది 2015లో వచ్చిన డాక్యుమెంటరీ, "ఇంగ్రిడ్ బెర్గ్‌మన్: ఇన్ హర్ ఓన్ వర్డ్స్". స్వీడిష్ పేరుకి అర్థం సింపుల్‌గా "నేను ఇంగ్రిడ్‌ని" అని. తీసింది స్టిగ్ బ్యోర్క్‌మన్, గంటా యాభై నిమిషాల పైనే ఉంటుంది. 2011లో బెర్లిన్ ఫెస్టివల్లో కలిసినప్పుడు ఆవిడ కూతురు ఇసబెల్లా రొసెల్లినియే "మా అమ్మ మీద సినిమా చేద్దామా" అని అడిగిందంట, అక్కడ మొదలైంది. ఇంగ్రిడ్ డైరీలు, ఉత్తరాలు చదివే గొంతు అలీసియా వికాండర్‌ది, ఆ అమ్మాయిదీ స్వీడనే. అన్నట్టు స్వీడన్ వాళ్ళు ఆ పేరుని బెర్గ్‌మన్ అనరు, గ పోయి య వచ్చి బెర్యమన్ లాగా వినిపిస్తుంది, మొదటి పది నిమిషాలు ఎవరి గురించి మాట్లాడుతున్నారా అనుకున్నా.

స్వీడిష్, ఇంగ్లీషు, ఇటాలియన్, ఫ్రెంచి అన్నీ కలిసిపోయి ఉంటాయి కాబట్టి సబ్‌టైటిల్స్ లేకుండా కుదరదు, నేను చదివి పాజ్ చేసి అమ్మకి చెప్పడం, అమ్మ దాని మీద ఒక మాట అనడం, మళ్ళీ ప్లే కొట్టడం. అలా సినిమా రెండు రోజులు నడిచింది.

మామూలుగా ఇలాంటి వాటిలో ఏముంటుంది, నలుగురు పెద్దమనుషులు కుర్చీల్లో కూర్చుని గ్రేట్ యాక్ట్రెస్ గ్రేట్ యాక్ట్రెస్ అంటుంటారు. ఇందులో అసలు సరుకు అది కాదు, ఆవిడ సొంత కెమెరాతో తీసుకున్న హోమ్ మూవీస్. స్విమ్మింగ్ పూల్స్, పిల్లలు, కుక్కలు, పడవలు, రోమ్ దగ్గర సాంతా మరినెల్లాలో ఇల్లు, ఇవన్నీ దేశాలు మారినా మొగుళ్ళు మారినా పారెయ్యకుండా పెట్టెల్లో మోసుకు తిరిగింది. ఇప్పుడవి అమెరికాలో వెస్లియన్ యూనివర్సిటీ ఆర్కైవ్స్‌లో ఉన్నాయి.

ఈ కెమెరా పిచ్చి ఎక్కడ్నించి వచ్చిందో మొదట్లోనే తెలుస్తుంది. పుట్టింది 1915 ఆగస్టు 29న స్టాక్‌హోమ్‌లో, నాన్న జస్టస్‌కి ఫోటో స్టూడియో ఉండేది. అమ్మ ఫ్రీడెల్ జర్మన్, పిల్లకి మూడేళ్ళు నిండీ నిండకముందే పోయింది. నాన్న కూతుర్ని ఎప్పటికప్పుడు కెమెరాతో తీస్తూనే ఉండేవాడు, అందులో ఒకటుంది, చిన్న పిల్ల అమ్మ సమాధి మీద పూలు పెడుతుంది. అంతే, కొన్ని సెకన్లు. మీకెవరికైనా చిన్నప్పుడే అమ్మో నాన్నో పోయుంటే ఆ ముక్క దగ్గర జాగ్రత్త. నేను పాజ్ చెయ్యలేదు, అమ్మ కూడా ఏం అడగలేదు. ఆ నాన్న కూడా ఈ పిల్లకి పదమూడేళ్ళప్పుడు పోయాడు, తర్వాత చేరదీసిన మేనత్త ఆరు నెలలకే పోయింది, ఇక బాబాయి వాళ్ళింట్లో వాళ్ళ ఐదుగురు పిల్లలతో పెరిగింది. కెమెరా అంటే ఆ పిల్లకి నాన్న చూపన్నమాట, ఇది నా థియరీ, కానీ సినిమా కూడా ఆ వైపే తీసుకెళ్తుంది.

తర్వాత కథ స్పీడు. 1933లో స్టాక్‌హోమ్ రాయల్ డ్రమాటిక్ థియేటర్ స్కూల్లో సీటు, ఏడాది తిరక్కుండానే సినిమాలు, 1936లో "ఇంటర్‌మెట్సో", 1937లో పెటర్ లిండ్‌స్ట్రోమ్ అనే డెంటిస్టుతో పెళ్ళి, 1938లో పీయా పుట్టింది, 1939లో నిర్మాత డేవిడ్ సెల్జ్‌నిక్ హాలీవుడ్‌కి పిలిచాడు. ఆయన పేరు మార్చమన్నాడు, కనుబొమ్మలు చెక్కించుకోమన్నాడు, పళ్ళు సరి చేయించుకోమన్నాడు, ఇరవై మూడేళ్ళ పిల్ల కుదరదు, ఇలాగే కావాలంటే ఉంటా లేకపోతే ఇంటికెళ్ళిపోతా అంది. ఆయన తెలివైనవాడు, మేకప్ అక్కర్లేని సహజమైన అమ్మాయి అని దాన్నే పబ్లిసిటీ చేసుకున్నాడు. "కాసాబ్లాంకా" గురించి ఇక్కడ కొత్తగా ఏం లేదు, చివరికి హీరోయిన్ ఇద్దరు మగవాళ్ళలో ఎవరితో వెళ్తుందో స్క్రిప్టు వాళ్ళకే తెలీదు, రెండువైపులకీ మధ్యస్థంగా చెయ్యమన్నారు అనే పాత కథే. 1944 "గ్యాస్‌లైట్"కి మొదటి ఆస్కార్.

ఆ తర్వాతే అసలు గొడవ. ఇటలీ డైరెక్టర్ రొబెర్టో రొసెల్లిని (ఇసబెల్లా నాన్న) సినిమా చూసి ఊగిపోయి 1948లో ఆయనకి ఒక ఉత్తరం రాసింది, ఇంగ్లీషు బాగా వచ్చిన, జర్మన్ ఇంకా మర్చిపోని, ఫ్రెంచి అంతంతమాత్రం, ఇటాలియన్లో మటుకు "తి ఆమో" తప్ప ఇంకో ముక్క రాని స్వీడిష్ నటి కావాలంటే కబురు పెట్టండి వచ్చేస్తా అని. తి ఆమో అంటే ఐ లవ్యూ అని నేను చెప్పగానే అమ్మ "అయిపోయింది, కొంప మునిగింది" అంది. మునిగింది కూడా. 1949లో అగ్నిపర్వతం ఉన్న స్ట్రోంబోలీ దీవికి షూటింగ్‌కి వెళ్ళింది, మొగుడితో విడాకులు తేలకముందే 1950 ఫిబ్రవరిలో రొసెల్లినితో కొడుకు పుట్టాడు. అమెరికాలో అంతకుముందు నన్‌గా వేసింది, జోన్ ఆఫ్ ఆర్క్‌గా వేసింది, జనం నిజంగానే దేవత అనుకున్నారు (మనకిది కొత్తా, మన దగ్గర హీరోలకి హారతులివ్వలేదా), అందుకే కోపం కూడా ఆ రేంజ్‌లోనే వచ్చింది. కొలరాడో సెనేటర్ ఎడ్విన్ జాన్సన్ సెనేట్‌లో నిలబడి చెడుకి ప్రతిరూపం అన్నట్టు తిట్టిపోశాడు. అదే ఏడాది మెక్సికోలో పెళ్ళి, పెళ్ళికూతురూ లేదు పెళ్ళికొడుకూ లేడు, వాళ్ళ తరఫున వేరేవాళ్ళు నిలబడ్డారు. ఇది నేను నవ్వుతూ చెప్తే అమ్మ అస్సలు నవ్వలేదు, "పూర్వం జమీందార్లు కత్తిని పంపించి పెళ్ళి చేసుకునేవాళ్ళు కాదూ, ఇదీ అంతే" అంది. నిజమే కదా అనిపించింది.

ఇందులో ఇండియా కూడా ఉంది, మనవాళ్ళకి ఆసక్తిగా ఉంటుంది. రొసెల్లిని 1956 చివర్లో ఇండియా మీద సినిమా తియ్యడానికి వచ్చి సోనాలీ దాస్‌గుప్తాతో ప్రేమలో పడ్డాడు. ఆవిడకీ అప్పటికే పెళ్ళయి ఇద్దరు పిల్లలు, పెద్దవాణ్ణి ఇక్కడే తండ్రి దగ్గర వదిలి చిన్నవాడితో ఆయన వెంట వెళ్ళిపోయింది. పేపర్లన్నీ గగ్గోలు. పీయా కథే మళ్ళీ ఇంకో ఇంట్లో. డాక్యుమెంటరీ దీన్ని ఇలా తాకి అలా వెళ్ళిపోతుంది, నేనైతే ఇంకో పది నిమిషాలు ఉంచేవాణ్ణి.

పీయా దగ్గరే నాకు ఈ సినిమా మీద కంప్లయింటు. అమ్మ ఇటలీ వెళ్ళినప్పుడు ఆ పిల్లకి పదేళ్ళు. 1951లో ఇంగ్లండులో ఒకసారి కలిసారు, మళ్ళీ కలవడానికి ఆరేళ్ళు పట్టింది. మధ్యలో 1952లో కోర్టులో జడ్జి అడిగితే పదమూడేళ్ళ పిల్ల, అమ్మంటే ఇష్టమే కానీ ప్రేమ లేదు అన్నట్టు చెప్పాల్సొచ్చింది. ఇప్పుడు పెద్దావిడై కెమెరా ముందు కూర్చుని ఎంతో హుందాగా మాట్లాడుతుంది. నలుగురు పిల్లలదీ ఒకటే మాట, అమ్మ చాలా సరదా మనిషి, ఉన్నప్పుడు ఇల్లంతా వెలుగు, కాకపోతే ఇంకాస్త ఎక్కువసేపు ఉంటే బాగుండేది. డైరెక్టర్ ఆ మాటల్ని మెత్తటి మ్యూజిక్ వేసి దాటించేస్తాడు. కాస్త ఆగి ఇంకో ప్రశ్న అడగొచ్చు కదయ్యా! నేనిలా గొణుగుతుంటే అమ్మ "ఆవిడ సరే, మరి ఆ మొగుళ్ళు ఎప్పుడూ పిల్లల దగ్గరే ఉన్నారా ఏంటి, వాళ్ళనెవరూ అడగలేదే" అంది. ఆ సెనేటర్‌కి మా అమ్మని చూపించాల్సింది.

రెండో కంప్లయింటు స్టేజి. ఈవిడ సగం జీవితం నాటకాల్లోనే గడిచింది, ఇందులో దానికి దక్కిన చోటు చారెడు. 1946లో బ్రాడ్‌వేకి ముందు వాషింగ్టన్‌లో నాటకం వేస్తుంటే ఆ హాల్లోకి నల్లవాళ్ళని రానివ్వరని తెలిసి పత్రికలవాళ్ళ ముందే గట్టిగా తప్పుబట్టింది, ఆ నాటకానికే, స్టేజి వాళ్ళకిచ్చే టోనీ అవార్డు వచ్చింది. 1956లో పారిస్‌లో ఫ్రెంచిలో నాటకం ఆడింది, ఉత్తరంలో అంతంతమాత్రం అని రాసుకున్న ఆ ఫ్రెంచిలోనే. 1975లో లాస్ ఏంజలెస్‌లో ఆడుతుండగా పాదం ఎముక విరిగితే షో ఆపకుండా కట్టుతో వీల్‌చైర్‌లో కూర్చుని కానిచ్చింది. ఆ నాటకంలో కుర్రదానిగా ఉన్న సిగోర్నీ వీవర్ ఇందులో మాట్లాడుతుంది, ఆ కాసేపూ భలే ఉంటుంది, అలాంటివి ఇంకో నాలుగు పెట్టాల్సింది.

చివరి అరగంటకి మాత్రం మార్కులు కొయ్యలేను. 1956 "అనస్తీసియా"తో రెండో ఆస్కార్, అమెరికా మళ్ళీ నెత్తిన పెట్టుకోవడం, 1958లో స్వీడిష్ నాటకాల నిర్మాత లార్స్ ష్మిట్‌తో మూడో పెళ్ళి, ఫ్యెల్‌బాకా ఊరి దగ్గర ఆయన దీవి డాన్‌హోల్మెన్‌లో వేసవులు, పిల్లలందరూ ఒక్కచోట, రాళ్ళ మీంచి సముద్రంలోకి దూకడాలు. 1972లో ఇంకో సెనేటర్ చార్ల్స్ పెర్సీ అదే సెనేట్‌లో తప్పయిపోయింది అన్నాడు, ఇరవై రెండేళ్ళు పట్టింది. తర్వాత మూడో ఆస్కార్, కేన్సర్. 1978లో ఇంగ్మార్ బెర్గ్‌మన్‌తో (చుట్టం కాదు, ఇంటిపేరు ఒకటే) "ఆటమ్ సొనాటా", కచేరీల కోసం కూతుర్ని పట్టించుకోని పియానిస్టు తల్లి వేషం. ఏ తల్లి ఇలా మాట్లాడుతుందండీ అని డైరెక్టర్‌తో వాదన పెట్టుకుందంట, అందులో కూతురిగా వేసిన లివ్ ఉల్‌మన్ చెప్తుంటే వినాలి. ఆఖరిది ఇజ్రాయెల్ ప్రధాని గోల్డా మేయిర్‌గా టీవీకి చేసింది, జబ్బుతో చెయ్యి వాచిపోతే షూటింగ్‌కి వాపు తగ్గాలని రాత్రంతా చెయ్యి పైకి కట్టుకుని పడుకునేదంట. 1982లో సరిగ్గా తన అరవై ఏడో పుట్టినరోజున లండన్‌లో పోయింది. తర్వాతి నెలలో ఆ వేషానికి టీవీ అవార్డు ఎమ్మీ వస్తే స్టేజెక్కి తీసుకుంది పీయా.

ఇక డిస్క్ సంగతి. ప్రింటు బాగుంది, పాత రీళ్ళకి అనవసరంగా పాలిష్ పెట్టలేదు, గీతలు గీతల్లాగే ఉన్నాయి. ఎక్స్‌ట్రాల్లో 30ల నాటి ఆవిడ హోమ్ మూవీస్, 1932లో "లాండ్స్‌కాంప్" సినిమాలో గుంపులో నిలబడ్డ చిన్న ముక్క (పాజ్ చేసి వెతుక్కోండి, అదొక ఆట), 1936 నాటి ఒక సినిమా షూటింగ్‌లో మిగిలిపోయిన షాట్లు ఉన్నాయి, అందులో డైలాగ్ తప్పి నవ్వేసే ఇంగ్రిడ్ కోసమైనా చూడాలి. తెలుగు సబ్‌టైటిల్స్ ఎలాగూ ఆశించలేం. ఆవిడ సినిమాలు ఒక్కటీ చూడనివాళ్ళు దీంతో మొదలుపెట్టకండి, ముందు "గ్యాస్‌లైట్", "నొటోరియస్" చూసి రండి. ఐదుకి నాలుగు, ఆ ఒక్కటీ స్టేజి కోసం కోశా.

ప్లేయర్ ఫ్రెండ్ నిన్న కూడా ఫోన్ చేసాడు. ఎక్స్‌ట్రాల్లో ఒక రీలు ఇంకా మిగిలిపోయింది, అమ్మ ఆదివారం భోజనాలయ్యాక పెట్టమంది, సోమవారం పొద్దున్నే తెచ్చిస్తానని చెప్పా.